మాట వింటే చాలా?

మన హాస్టల్ వాట్సాప్ గ్రూపుల్లో ఈ సెమిస్టర్ కొత్త తిట్టు ఒకటి తిరుగుతోంది. ఎవరికైనా జోక్ ఆలస్యంగా వెలిగినా, బర్త్‌డే పార్టీకి రాకుండా రూమ్‌లో కూర్చున్నా, ఒకే టాపిక్ మీద గంటసేపు మాట్లాడినా "వీడు ఆటిస్టిక్ రా బాబూ" అనేస్తున్నారు. మీమ్ పేజీల నుంచి దిగుమతి చేసుకున్న సరుకు. అన్నవాళ్ళకి క్లాసు పీకడానికి ఈ వ్యాసం రాయడం లేదు. నన్ను తొలిచే ప్రశ్న వేరే. నిజంగా ఆటిజం ఉన్న ఒక పిల్లాడు రేపు మన మెయిన్ గేటు బయట ఒంటరిగా, చెప్పుల్లేకుండా నడుస్తూ కనిపిస్తే మనలో ఎంతమందిమి గుర్తుపడతాం? గుర్తుపడితే ఏం చేస్తాం?

మా పిన్ని కొడుకు ఆటిస్టిక్. వాడి పేరు ఇక్కడ రాయను. ఇంట్లో అందరం చిన్నోడు అంటాం, ఇక్కడా అలాగే అంటాను. పదకొండేళ్ళు. నోటి మాటలు చాలా తక్కువ. తిరిగే ఫ్యాను, గోదారి కాలువ, ఇస్త్రీ చేసిన బట్టల వేడి అంటే ప్రాణం. కుక్కర్ విజిల్, కొత్త చొక్కా కాలర్ దగ్గరుండే లేబుల్, ఎవరైనా వచ్చి బుగ్గ గిల్లడం అంటే నరకం.

ఆటిజం గురించి నాలుగు ముక్కలు చెప్పి ముందుకెళ్తాను, మిగతాది మీరే చదువుకోవచ్చు. ఇది అంటుకునే జబ్బు కాదు, పిచ్చీ కాదు, తెలివి తక్కువతనానికి మరో పేరూ కాదు. పుట్టక ముందు నుంచే మెదడు కాస్త వేరే దారిలో ఎదుగుతుంది, అందులో జన్యువుల పాత్ర చాలా ఎక్కువ. అలాంటివాళ్ళకి మనుషులతో మాట కలపడం, మాట వెనక దాగిన అర్థం పట్టుకోవడం కష్టం కావచ్చు. చప్పుడు, వెలుతురు, స్పర్శ మరీ ఎక్కువగానో, దెబ్బ తగిలినా తెలియనంత తక్కువగానో అందవచ్చు. ఒకే పని మళ్ళీ మళ్ళీ చేస్తుంటే మనసు కుదుటపడవచ్చు. స్పెక్ట్రమ్ అన్నారు కదా అని చాలామంది తక్కువ ఆటిజం, ఎక్కువ ఆటిజం అని ఒక గీత గీసేస్తారు. ఆడియో ఈక్వలైజర్ చూశారుగా, ఒక్కో ఫ్రీక్వెన్సీకి ఒక్కో మీట. అలా ఊహించుకోండి. ఒకమ్మాయి అనర్గళంగా మాట్లాడుతుంది కానీ బస్టాండ్ గోల భరించలేదు. ఇంకొకడు ఒక్క మాటా మాట్లాడడు కానీ ఇంట్లో ఏ వస్తువు ఎక్కడుందో వాడికే తెలుసు.

2021 లెక్క ప్రకారం ప్రపంచంలో సుమారు ప్రతి 127 మందిలో ఒకరు ఆటిస్టిక్ అని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది. మన కాలేజీ స్ట్రెంత్‌ని 127తో భాగించి చూడండి. ఏ డాక్టరూ పేరు పెట్టకుండా, తమకే తెలియకుండా ఇరవై ఏళ్ళు నెట్టుకొచ్చి మన పక్క బెంచీలో కూర్చున్నవాళ్ళు ఉండే ఉంటారు. "ఆటిస్టిక్ రా" జోక్ కింద నవ్వే ఎమోజీ పెట్టి, ఫోన్ పక్కన పడేసి, అటు తిరిగి పడుకునేవాళ్ళు.

మా ఇంట్లో ఇది బయటపడిన తీరు మీలో కొందరికి కొత్తగా ఉండదు. మూడేళ్ళు వచ్చినా చిన్నోడు పిలిస్తే పలికేవాడు కాదు. "మగపిల్లలకి మాటలు ఆలస్యమేనే, వాళ్ళ నాన్నకీ ఐదేళ్ళకి గానీ రాలేదు" అంది వాళ్ళ నాయనమ్మ. తర్వాత దిష్టి, తాయెత్తు, మొక్కులు. అవన్నీ అయ్యాక నింద వచ్చి పిన్ని మీద వాలింది. ఉద్యోగానికి పోతోంది, ఫోన్ చేతికిచ్చి కూర్చోబెట్టింది, అందుకే ఇలా అయ్యాడు అని. తల్లిని ఆడిపోసుకోవడం ఇందులో పాత అలవాటే. 1943లో అమెరికాలో లియో కానర్ అనే డాక్టర్ 11 మంది పిల్లల గురించి రాసిన వ్యాసంతో ఆటిజం అనే మాట ఇప్పటి అర్థంలోకి వచ్చింది. ఆ తర్వాత చాలా ఏళ్ళు అక్కడి డాక్టర్లే, ప్రేమ చూపించని 'ఫ్రిజ్ తల్లుల' వల్ల ఇది వస్తుందని నమ్మారు. ఇప్పుడు ఫ్రిజ్ పోయి ఫోన్ వచ్చింది. యూట్యూబ్‌లో ఊదరగొడుతున్న 'వర్చువల్ ఆటిజం' అనే జబ్బు, డాక్టర్లు నిర్ధారణకి వాడే డీఎస్ఎమ్-5లో లేదు, ఐసీడీ-11లోనూ లేదు. ఫోన్ తగ్గించడం మంచిదే, అది ఏ పిల్లలకైనా మంచిదే. టీకాల కథా అంతే. 1998లో 12 మంది పిల్లల మీద వచ్చిన పేపర్‌ని అచ్చేసిన లాన్సెట్ పత్రికే 2010లో వెనక్కి తీసుకుంది. స్టెమ్ సెల్స్ ఎక్కించి ఆటిజం పోగొడతామని లక్షలు గుంజేవాళ్ళ గురించి ఒక్క మాట: క్లినికల్ ట్రయల్ బయట అలా చేయడం అనైతికమని మన ఐసీఎంఆర్ 2017 మార్గదర్శకాల్లోనే రాసి పెట్టింది. ఈ అడ్డదారులన్నీ తిరిగి రావడానికి పిన్నీ బాబాయిలకి ఏడాదిన్నర పట్టింది.

సరే, అసలు విషయానికి వస్తాను.

నిర్ధారణ అయ్యాక చిన్నోడిని టౌన్లో ఒక థెరపీ సెంటర్లో చేర్చారు. రోజుకి రెండు గంటలు. కుర్చీలో కూర్చో. చేతులు ఒళ్ళో పెట్టుకో. నా కళ్ళలోకి చూడు. ఇలా రా. చెప్పినట్టు చేస్తే ఒక చిప్స్ ముక్క, చేయకపోతే మళ్ళీ మొదటి నుంచి. సంతోషం వచ్చి చేతులు ఆడిస్తే పట్టుకుని కిందకి నొక్కేవాళ్ళు. తల్లిదండ్రులు బయట బెంచీ మీద కూర్చోవాలి. "మీరు లోపల ఉంటే వాడు మా మాట వినడండి" అనేవారు. రెండేళ్ళకి చిన్నోడు మారాడు. చుట్టాలొస్తే కుదురుగా కూర్చునేవాడు. "అబ్బో, ఎంత బుద్ధిమంతుడయ్యాడో" అని అందరూ మెచ్చుకున్నారు. ఆ ఒక్క మాట కోసం పిన్ని ఎన్నాళ్ళు ఎదురుచూసిందో, వంటింట్లోకి వెళ్ళి కళ్ళు తుడుచుకుంది.

ఆ ఏడాది వేసవిలో మా బంధువుల పెళ్ళి. భోజనాల దగ్గర పిన్ని చెయ్యి కడుక్కుని వచ్చేసరికి చిన్నోడు లేడు. నేను బయటికి పరిగెత్తాను. పార్కింగ్ దగ్గర ఎవరో పెద్దాయన చెయ్యి పట్టుకుని నిలబడి ఉన్నాడు. ఆయన మంచాయనే. పిల్లాడు ఒంటరిగా కనిపిస్తే మీ అమ్మ దగ్గరికి తీసుకెళ్తా రమ్మన్నాడట. వెనకే వచ్చిన పిన్నితో నవ్వుతూ, "మీవాడు బంగారం అమ్మా! రా నాన్నా అంటే వచ్చేశాడు. ఎవరు నువ్వు, ఎక్కడికి అని కూడా అడగలేదు" అన్నాడు. ఆయన మెచ్చుకోలుగానే అన్నాడు. పిన్ని మొహంలో నెత్తురు చుక్క లేదు. ముక్కూ మొహం తెలియనివాళ్ళు రమ్మంటే వెళ్ళిపోవడం. రెండేళ్ళు ఫీజు కట్టించుకుని వాడికి నేర్పింది అక్షరాలా అదే.

నా అభిప్రాయం ఇది. ఆటిస్టిక్ పిల్లలకి మాట వినడం నేర్పేస్తే వాళ్ళు క్షేమంగా ఉన్నట్టే అని మనం అనుకుంటున్నాం. నా లెక్క ప్రకారం వాళ్ళని ఎక్కువ ప్రమాదంలో పడేసేది ఆ పాఠమే. వికలాంగులైన పిల్లల మీద హింస జరిగే అవకాశం మిగతా పిల్లలకంటే 3.7 రెట్లు ఎక్కువని, అనేక అధ్యయనాలు కలిపి చూసి 2012లో లాన్సెట్‌లో ఒక పేపర్ వచ్చింది. కారణం ఊహించడం కష్టం కాదు. ఈ పిల్లాడు చెప్పలేడు, చెప్పినా ఎవరూ నమ్మరు అని చేసేవాడికి తెలుసు. పైగా, ఏ పెద్దవాళ్ళైనా వచ్చి చెయ్యి నొక్కిపట్టవచ్చు, గడ్డం పట్టి మొహం తిప్పవచ్చు, నువ్వు మాత్రం కదలకూడదు అని రోజుకి రెండు గంటల చొప్పున అలవాటు చేసిన పిల్లాడికి, ఏ స్పర్శ థెరపీయో ఏది నేరమో ఎలా తెలుస్తుంది? 2012 నాటి పోక్సో చట్టం పిల్లల వైకల్యాన్ని ఆసరాగా తీసుకుని చేసిన అత్యాచారాన్ని మరింత తీవ్రమైన నేరంగా చూస్తుంది. అలాంటి పిల్లల సాక్ష్యం తీసుకునేటప్పుడు స్పెషల్ ఎడ్యుకేటర్ సాయమో, వాడి పద్ధతి తెలిసినవాళ్ళ సాయమో తీసుకోవచ్చని కూడా చెబుతుంది. చట్టం బాగానే ఉంది. కానీ అది నేరం జరిగాక వచ్చేది. జరగకముందు పిల్లాడి చేతిలో ఏముంది?

చిన్నోడి చేతిలో ఇప్పుడు ఒక కార్డు ఉంది. పెళ్ళి నుంచి వచ్చిన వారంలోనే పిన్ని ఆ సెంటర్ మాన్పించింది. చాలా వెతికి ఇంకో స్పీచ్ థెరపిస్టుని పట్టుకుంది. ఆవిడ మొదటిరోజే పిన్నిని లోపల కూర్చోబెట్టి, "వీడికి వద్దు అనడం వచ్చా?" అని అడిగిందట. ఆ ప్రశ్న అప్పటిదాకా ఎవరూ వేయలేదు. జిరాక్స్ షాపులో బొమ్మలు ప్రింట్ తీయించి, లామినేషన్ చేయించి, తాళాల రింగుకి గుచ్చారు. వద్దు, ఆపు, నొప్పి, బాత్రూమ్, ఇంటికి, నీళ్ళు. ఇలా బొమ్మల ద్వారా మాట్లాడే పద్ధతికి యాప్‌లు కూడా ఉన్నాయి. మన దేశంలో బాగా పేరొచ్చిన ఆవాజ్ యాప్‌ని తయారుచేసిన అజిత్ నారాయణన్ ఐఐటీ మద్రాసులో చదివిన ఇంజనీరే, కంపెనీ చెన్నైదే. చిన్నోడికి మాత్రం నోట్లో పెట్టుకున్నా పాడవని లామినేషన్ కార్డులే నచ్చాయి.

పిన్ని ఇంట్లో ఒక రూలు పెట్టింది. వద్దు కార్డు చూపిస్తే, మందులు, రోడ్డు దాటడం లాంటివి తప్ప, ఆ పని ఆపేయాలి. ఎవరైనా సరే. మొదటి నెల వాడు దానికి కూడా వద్దు, దీనికి కూడా వద్దు. ఇడ్లీ వద్దు, స్నానం వద్దు, బడి వద్దు. సంక్రాంతికి ఫ్యామిలీ ఫోటో తీసుకుంటుంటే నేను భుజం మీద చెయ్యి వేయబోయాను, నాకూ కార్డు చూపించాడు. "ఆ కార్డులిచ్చి పొగరు నేర్పుతున్నారు" అని నాయనమ్మ సణిగింది. పిన్ని నవ్వి, "పోనీలే అత్తయ్యా, పొగరైనా నేర్చుకోనీ" అంది. ఆ ఫోటో ఇప్పుడు మా హాల్లో ఉంది. అందరం ఒక చోట, రెండడుగుల అవతల చిన్నోడు, చేతులు ఆడిస్తూ. మా ఇంట్లో ఉన్న ఫోటోలన్నిటిలో వాడు నిజంగా నవ్వుతున్నది అదొక్కటే.

దీనికి ఎదురు వాదన ఉంది. అన్నిటికీ వద్దంటే బతకడం ఎలా, రోడ్డు మీద ఆగమంటే ఆగాలిగా, అంటారు. నిజమే, ఆగు అనే మాట నూటికి నూరుపాళ్ళూ నేర్పాల్సిందే, పిన్ని దాన్ని ఆటలా రోజూ వీధిలో నేర్పింది. థెరపీలన్నీ దండగ అని కూడా నేను అనను. చొక్కా గుండీలు పెట్టుకోవడం, పళ్ళు తోముకోవడం, బాత్రూమ్ తలుపు వేసుకోవడం వాడు థెరపీలోనే నేర్చుకున్నాడు. శరీర భాగాల పేర్లు ముద్దుపేర్లు కాకుండా అసలు పేర్లే నేర్పాలని, స్నానం చేయించేది ఎవరో వాడికి తెలిసి ఉండాలని చెప్పిందీ థెరపిస్టే. మీ ఇంట్లోనో పక్కింట్లోనో ఇలాంటి పిల్లలుంటే సెంటర్లో మూడు సంగతులు తేల్చుకోమని చెప్పండి. స్పెషల్ ఎడ్యుకేటర్‌కీ, స్పీచ్ థెరపిస్టుకీ రీహాబిలిటేషన్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా రిజిస్ట్రేషన్ ఉందా? నేను లోపల కూర్చుని చూడొచ్చా? మావాడు వద్దంటే మీరేం చేస్తారు? మూడో దానికి నీళ్ళు నమిలితే బయటికి నడవడమే.

అసలు వాడే మన పద్ధతి నేర్చుకోవాలి, మనం మాత్రం ఏమీ నేర్చుకోనక్కర్లేదు అనే లెక్క ఎక్కడి నుంచి వచ్చిందో నాకు అర్థం కాదు. 2012లో డేమియన్ మిల్టన్ అనే పరిశోధకుడు, ఆయన కూడా ఆటిస్టిక్కే, దీన్ని తిరగేసి చూపించాడు. ఆటిస్టిక్ మనిషికి మనం అర్థం కాకపోవడం ఎంత నిజమో, మనకి వాళ్ళు అర్థం కాకపోవడమూ అంతే నిజం, లోపం ఒక్కవైపే ఉందనడం ఎలా కుదురుతుంది అన్నాడు. 2020లో ఎడిన్‌బరోలో దీన్ని ఒక ఆటలాంటి ప్రయోగంతో పరీక్షించారు. మనం చిన్నప్పుడు ఒకరి చెవిలో ఒకరు చెప్పుకుంటూ పోయే ఆట ఉంది కదా, అలా ఎనిమిదేసి మంది ఒక కథని ఒకరి నుంచి ఒకరికి అందించాలి. అందరూ ఆటిస్టిక్ అయిన వరసలో కథ ఎంత బాగా అందిందో, ఎవరూ ఆటిస్టిక్ కాని వరసలోనూ అంతే బాగా అందింది. రెండు రకాలవాళ్ళూ కలిసిన వరసలోనే వివరాలు ఎక్కువగా జారిపోయాయి. ఈసీఈ వాళ్ళకి ఇంతకన్నా వివరించక్కర్లేదు. రెండు డివైసులూ బానే ఉన్నాయి, ప్రోటోకాల్ కలవలేదు. అలాంటప్పుడు ఒక డివైస్‌నే విప్పి రిపేర్ చేస్తూ కూర్చుంటామా?

ఇక ఇల్లు దాటి వెళ్ళిపోవడం. పిన్ని వాళ్ళ వీధిలో దీన్ని 'పారిపోతాడు' అంటారు, నాకు ఆ మాట నచ్చదు, దొంగతనం చేసి పారిపోయినట్టు ఉంటుంది. 2012లో అమెరికాలో చేసిన ఒక సర్వేలో, ఆటిస్టిక్ పిల్లల్లో 49 శాతం మంది నాలుగేళ్ళు దాటాక కనీసం ఒక్కసారైనా ఇలా వెళ్ళిపోవడానికి ప్రయత్నించారని తేలింది. తప్పిపోయినవాళ్ళలో 65 శాతం మంది వాహనాల కింద పడబోయారు, 24 శాతం మంది నీళ్ళలో మునగబోయారు. అక్కడే 2017లో వచ్చిన మరో అధ్యయనం ప్రకారం 14 ఏళ్ళలోపు ఆటిస్టిక్ పిల్లలు నీట మునిగి చనిపోయే ప్రమాదం మిగతా పిల్లలకంటే 160 రెట్లు. న్యూయార్క్‌లో అవాంటే ఒకెండో అనే పద్నాలుగేళ్ళ అబ్బాయి, మాటలు రానివాడు, 2013 అక్టోబరులో బడి తలుపు తీసుకుని బయటికి వెళ్ళాడు. ఊరంతా పోస్టర్లు అంటించి వెతికారు. మూడు నెలల తర్వాత నది ఒడ్డున అవశేషాలు దొరికాయి. ఆ పిల్లాడి పేరు కూడా కలిపి 2018లో అమెరికాలో ఒక చట్టం తెచ్చారు, ఇలాంటి పిల్లల్ని వెతికే శిక్షణకీ పరికరాలకీ నిధులివ్వడానికి.

ఈ లెక్కలు చదివితే మన డెల్టా ఊళ్ళు గుర్తొచ్చి నాకు నిద్ర పట్టదు. ఇంటి ముందు కాలువ, ఊరి వెనక చెరువు, ఏ రేవుకీ కంచె ఉండదు. చిన్నోడికేమో నీళ్ళంటే ప్రాణం. ఎండలో మెరిసే నీటిని చూస్తూ ఎంతసేపైనా కూర్చుంటాడు. తలుపుకి పైన గడియ పెట్టారు, అది అవసరమే. కానీ గడియ కన్నా ఎక్కువ పనిచేసినవి రెండున్నాయి. ఒకటి, బాబాయి వాడికి ఈత నేర్పించడం. రెండోది, వాడు ఎప్పుడెప్పుడు వెళ్ళిపోయాడో పిన్ని ఒక నోట్‌బుక్‌లో రాసుకోవడం. ఏడుసార్లలో నాలుగుసార్లు వీధిలో డీజే ఉంది. వినాయక చవితి నిమజ్జనం ఒకటి, దీపావళి ఒకటి, ఊరేగింపులు రెండు. వాడు పారిపోవట్లేదు, చెవులు పగిలే చోటు నుంచి దూరంగా నడిచి వెళ్తున్నాడు. ఇప్పుడు ఆ రోజుల్లో ముందే మా ఇంటికి వచ్చేస్తారు.

మళ్ళీ మన గేటు దగ్గరి పిల్లాడి దగ్గరికి వస్తాను. వాడు పిలిస్తే తిరిగి చూడకపోవచ్చు. "నీ పేరేంటి?" అంటే "నీ పేరేంటి?" అని మీకే తిరిగి చెప్పవచ్చు. వెక్కిరింపు కాదు, మాటని పట్టుకునే వాళ్ళ పద్ధతి అది. చుట్టూ గుంపు కట్టకండి. వీడియో తీయకండి. రోడ్డు మీదికో నీళ్ళ వైపో పోతుంటే తప్ప గబుక్కున చెయ్యి పట్టుకోకండి. కాస్త పక్కగా, వాడికి కనిపించేలా నిలబడి, చిన్న చిన్న మాటల్లో చెప్పండి. "కూర్చో. నీళ్ళు తాగు. అమ్మ వస్తుంది." చెప్పి ఆగండి, మనసులో పది లెక్కపెట్టేదాకా ఇంకో మాట అనకండి. మనవాళ్ళకి ఇదే అన్నిటికన్నా కష్టం. మెడ దగ్గర కాలర్ లోపల, జేబులో, మణికట్టు మీద ఫోన్ నంబర్ ఉందేమో చూడండి, ముట్టుకునే ముందు చెప్పి ముట్టుకోండి. 112కి గానీ 1098కి గానీ ఫోన్ చేయండి. ఎవరైనా పిల్లాడు తప్పిపోయాడని వెతుక్కుంటూ వస్తే ముందు లైబ్రరీ వెనక చెరువు వైపు పరిగెత్తండి, ఆ తర్వాతే సీసీటీవీ రూమ్.

పెద్దయిన ఆటిస్టిక్ మనుషుల విషయంలో ఇంకో భయం ఉంది. 2018 మే నెలలో పిల్లల్ని ఎత్తుకుపోయే ముఠాలు తిరుగుతున్నాయని మన రెండు రాష్ట్రాల్లో వాట్సాప్ పుకార్లు లేచాయి, అమాయకుల్ని పట్టుకుని కొట్టారు. అడిగినదానికి జవాబు చెప్పకుండా, ఎటో చూస్తూ, చేతులు ఆడించే ఇరవై ఏళ్ళ కుర్రాడిని అలాంటి రాత్రి ఒక గుంపు ఏమనుకుంటుంది? చిన్నోడు ఇంకో తొమ్మిదేళ్ళలో ఇరవైకి వస్తాడు.

మన ప్రాజెక్ట్ ఎక్స్‌పో గురించి కూడా చెప్పాలి. ప్రతి బ్యాచ్‌లో ఒక టీమ్ 'ఆటిజం పిల్లలకి స్మార్ట్ బ్యాండ్' చేస్తుంది. ఆర్డ్యునో, జీపీఎస్ మాడ్యూల్, జీఎస్ఎమ్ మాడ్యూల్, ఒక సిమ్, అగ్గిపెట్టె సైజు డబ్బా. ఉద్దేశం మంచిదే. నేను అడిగిన ప్రతి టీమ్‌నీ ఒకటే అడిగాను, ఏ పిల్లాడి చేతికైనా కట్టి చూశారా అని. చిన్నోడు చొక్కా లేబులే భరించలేడు, బ్యాండ్ కడితే పళ్ళతో కొరికి రెండు నిమిషాల్లో పీకేస్తాడు. వాడి దగ్గర పనిచేసింది పిన్ని ఎంబ్రాయిడరీ దారంతో చొక్కా అంచు బయటివైపు కుట్టిన ఫోన్ నంబర్. ఖర్చు పది రూపాయలు, చార్జింగ్ అక్కర్లేదు. బ్యాండ్ వాడు ఎక్కడికి వెళ్ళాడో చెబుతుంది, ఎందుకు వెళ్ళాడో చెప్పదు. నిజంగా పనికొచ్చేది చేయాలనుకుంటే ఒక శనివారం మీ మండలంలోని భవిత కేంద్రానికి వెళ్ళి రెండు గంటలు ఊరికే కూర్చోండి, అక్కడి టీచర్‌ని అడగండి. సికింద్రాబాద్‌లో మేధోవైకల్యం మీద పనిచేసే జాతీయ సంస్థ ఎన్ఐఈపీఐడీ ఉంది, మనకి ఒక్క రైలు దూరం. రెఫరెన్సులకి ఐఈఈఈ పేపర్లు తిరగేసే మనలో ఎంతమందికి ఆ పేరు తెలుసు?

హక్కుల సంగతి క్లుప్తంగా. 2016 వికలాంగుల హక్కుల చట్టం గుర్తించిన 21 వైకల్యాల్లో ఆటిజం ఒకటి. 40 శాతం, ఆపైన అని సర్టిఫికెట్ ఉంటే 6 నుంచి 18 ఏళ్ళ దాకా ఉచిత విద్య, ప్రభుత్వ ఉన్నత విద్యాసంస్థల్లో మొత్తం వికలాంగులకి కలిపి కనీసం 5 శాతం సీట్లు. ఆ సర్టిఫికెట్ కోసం సదరం క్యాంపుకి వెళ్ళాలి. మేం వెళ్ళిన క్యాంపులో ఒకే హాలు, మూడొందల మంది, మైకులో పేర్లు, నాలుగు గంటల క్యూ. ఆటిజం ఉందో లేదో చూడ్డానికి, ఆటిజం ఉన్నవాళ్ళు అస్సలు భరించలేని చోటే ఎంచుకున్నారు. చిన్నోడు చెవులు మూసుకుని నేల మీద పడి ఏడుస్తుంటే, "అల్లరి బాగా ఎక్కువనుకుంటా" అంది పక్కనున్న ఒకావిడ. అల్లరి చేసేవాడు ఎవరైనా చూస్తున్నారా లేదా అని ఓరకంట చూస్తాడు. వీడికి ఆ సమయంలో ఎవరూ కనబడరు.

ఫిబ్రవరిలో మన ఫెస్ట్ ఉంది. రెండో రోజు పగలు చుట్టుపక్కల బడిపిల్లలకి ఎంట్రీ ఫ్రీ, కుటుంబాలూ వస్తాయి. స్టేజి స్పీకర్లు ఎటు తిప్పినా సీఎస్ఈ బ్లాక్ దాకా వినిపిస్తాయి. సెమినార్ హాల్ వెనక చిన్న గది ఒకటి ఖాళీగా ఉంటుంది, రెండు కిటికీలు, ఒక ఫ్యాను, తలుపు వేస్తే చప్పుడు బాగా తగ్గుతుంది. ఆ రోజు దాన్ని ప్రశాంతంగా కూర్చునే గదిగా పెడదామని కల్చరల్ కమిటీని అడిగాను. "స్పాన్సర్ ఎవరు?" అన్నారు. నాలుగు చాపలకి స్పాన్సర్ ఎందుకో నాకు అర్థం కాలేదు, చాపలు మా రూమ్‌మేట్స్ ఇస్తామన్నారు. తాళం వాచ్‌మన్ అంకుల్ దగ్గర ఉంది, ఆయన ఎప్పుడో ఒప్పుకున్నారు. తలుపు దగ్గర గంటకి ఇద్దరు చొప్పున కూర్చోవడానికి మనుషులు కావాలి, క్లబ్ గ్రూప్‌లో పేర్లివ్వండి. పిన్నీ చిన్నోడూ వస్తామన్నారు. వాడు ఆ పొద్దున కార్డు చూపిస్తే మాత్రం రారు.